బంతిలో ఎవరి పక్కన ఎవరు

మా ఊరి స్టేషన్‌కు మా ఊరి పేరు లేదు. ఆమదాలవలసలో దిగేవాళ్ల టికెట్ మీద ‘శ్రీకాకుళం రోడ్’ అని ఉంటుంది. స్టేషన్ కోడ్ సీహెచ్‌ఈ. ఇంగ్లీషువాళ్లు శ్రీకాకుళాన్ని ‘చికాకోల్’ అని పలికిన కాలపు గుర్తు అది. 1890లలో తూర్పు తీరం పొడవునా రైలుమార్గం వేసినప్పుడు పట్టాలు శ్రీకాకుళాన్ని తాకకుండా మా మీదుగా పోయాయి. అప్పటినుంచీ శ్రీకాకుళం వెళ్లాల్సినవాళ్లు ఇక్కడ దిగి, ఇంకో పదమూడు కిలోమీటర్లు రోడ్డున పోవాలి. ఊరి పేరులోనేమో ‘వలస’ ఉంది. కొత్తవలస, మడ్డువలస... ఉత్తరాంధ్రలో ఇలాంటి పేర్లకు లెక్కలేదు. ఎక్కడినుంచో వచ్చి గూడు కట్టుకున్నవాళ్ల ఊళ్లివి. ఇవాళ ఆ ఊళ్లనుంచే జనం హైదరాబాదుకు, చెన్నైకి, గుజరాత్ రేవులకు వలసపోతున్నారు.

సంక్రాంతికి మూడు నాలుగు రోజుల ముందు, తెల్లవారుజామున ఆ ప్లాట్‌ఫాం మీద నిలబడితే ఈ వ్యాసంలో నేను మాట్లాడదలచుకున్నదంతా కళ్లముందే కనిపిస్తుంది. జనరల్ బోగీలోంచి ముందు సంచులు దిగుతాయి. తరవాత పిల్లలు. ఆ తరవాత రాత్రంతా నిలబడి కాళ్లు వాచిన పెద్దవాళ్లు. దిగీ దిగగానే ఎవరో ఒకరు ఫోన్ తీసి ‘దిగిపోనాం’ అని ఇంటికి చెబుతారు. అవతలినుంచి మొదట వచ్చే ప్రశ్న ఎప్పుడూ ఒకటే. ‘ఏటి తిన్నారు?’

రైలు, ఫోను, తిండి. మనిషిని మనిషికి దగ్గర చేసేవి ఇవేనని అందరం నమ్ముతాం. కలిసి తింటే మనసులు కలుస్తాయంటాం. నాలుగూళ్లు తిరిగితే లోకం తెలుస్తుందంటాం. ఫోన్ వచ్చాక దూరం పోయిందని మురిసినవాళ్లమూ మనమే, మనుషులు దూరమైపోయారని బాధపడుతున్నదీ మనమే. ఇందులో ఎంత నిజం? దీని మీద గత ముప్పై ఏళ్లలో బోలెడంత పరిశోధన జరిగింది. ఆ పరిశోధనను మా నాగావళి ఒడ్డు అనుభవం పక్కన పెట్టి చూడాలని చాలాకాలంగా అనుకుంటున్నాను. చూసినమీదట నాకు అర్థమైంది ముందే చెప్పేస్తాను. ఈ మూడింటికీ కలిపే శక్తి ఉంది. అయితే ఎవరి పక్కన ఎవరు కూర్చోవచ్చన్న లెక్క ఒకటి వీటన్నిటికంటే ముందునుంచీ ఉంది. ఆ లెక్క మారనిచోట అన్నమైనా రైలైనా ఫోనైనా దాన్నే మోసుకు తిరుగుతాయి.

ఇది కాలక్షేపానికి పట్టించుకునే సంగతి కాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ నియమించిన సంఘం 2025 జూన్‌లో ఇచ్చిన నివేదిక ప్రకారం లోకంలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారు. దానికి ముడిపడిన మరణాలు ఏటా 8,71,000 అని ఆ నివేదిక అంచనా. అంతకుముందే, 2010లో, జూలియన్ హోల్ట్-లన్‌స్టాడ్ బృందం 148 అధ్యయనాలను, మూడు లక్షలకు పైగా మనుషుల వివరాలను కలిపి లెక్కకట్టింది. గట్టి సంబంధాలున్నవాళ్లు ఆ అధ్యయనాల కాలంలో బతికి ఉండే అవకాశం మిగతావాళ్లకంటే యాభై శాతం ఎక్కువని తేలింది. పొగతాగడం ఎంత పెద్ద విషయమో ఇదీ అంత పెద్ద విషయమని వాళ్లన్నారు. ‘నలుగురున్నోడు’ అని మావాళ్లు ఒక మనిషిని గౌరవంగా చెప్పడం వెనక ఉన్నది ఈ ఎరుకే.

ముందు తిండి సంగతి. ఆక్స్‌ఫర్డ్ శాస్త్రవేత్త రాబిన్ డన్‌బార్ 2017లో బ్రిటన్‌లో ఒక సర్వే మీద వ్యాసం రాశాడు. తరచూ నలుగురితో కలిసి తినేవాళ్లు ఎక్కువ సంతోషంగా ఉన్నామన్నారు. ఇరుగుపొరుగుమీద నమ్మకం, కష్టానికి ఆదుకునే స్నేహితులు కూడా వాళ్లకే ఎక్కువ. అమెరికాలో కెవిన్ నిఫిన్ బృందం అగ్నిమాపక కేంద్రాలను చూసింది. అక్కడ సిబ్బంది కలిసి వండుకుని తినే కేంద్రాల్లో పనితీరు మెరుగ్గా ఉందని 2015లో ప్రకటించింది. కైట్లిన్ వూలీ, ఐలెట్ ఫిష్‌బాక్ ఇంకా సూక్ష్మంగా వెళ్లారు. ఒకే పదార్థం తిన్న అపరిచితులు వేరువేరు పదార్థాలు తిన్నవాళ్లకంటే త్వరగా ఒకరినొకరు నమ్మారు. ఒకే పళ్లెంలోంచి తీసుకుని తిన్నవాళ్లు బేరంలో త్వరగా ఒప్పందానికి వచ్చారు. పక్కవాడికి ఎంత మిగలాలో చూసుకుంటూ తినాల్సి రావడమే దానికి కారణమని వాళ్ల వివరణ. ఒక గిన్నెలో చోడి అంబలి పోసుకుని, ఉల్లిపాయ కొరుక్కుంటూ గట్టు మీద కూర్చున్న కూలీల జట్టును చూసినవాళ్లకు ఈ మాట కొత్తగా ఉండదు.

అయితే 2025 ప్రపంచ సంతోష నివేదికలో ఒక అంకె నన్ను ఆపేసింది. నూటనలభైకి పైగా దేశాల్లో, వారంలో ఎన్ని పూటలు మీకు తెలిసినవాళ్లతో కలిసి తిన్నారని అడిగారు. అమెరికాలో ఒంటరి భోజనం పెరిగిపోయిందన్నది ఊహించిందే. 2023లో అక్కడ నలుగురిలో ఒకరు ముందురోజు అన్ని పూటలూ ఒంటరిగానే తిన్నామన్నారు. ఇరవై ఏళ్లలో అది 53 శాతం పెరిగింది. నేను ఊహించనిది దక్షిణాసియా గురించి. కలిసి తినడంలో మన ప్రాంతం అట్టడుగున ఉంది. ఉమ్మడి కుటుంబాల దేశం, అతిథి దేవుడన్న దేశం, అట్టడుగున!

మొదట నమ్మబుద్ధి కాలేదు. తరవాత మా ఇళ్లు గుర్తు చేసుకున్నాను. నాన్న పొలంనుంచి వచ్చినప్పుడు తింటాడు. పిల్లలు బడికి పోయేముందు తింటారు. అమ్మ అందరికీ వడ్డించి, చివర్న, వంటింట్లో పీట మీద కూర్చుని మిగిలింది తింటుంది. ఇంట్లో ఏడుగురున్నా ఏడు ఒంటరి భోజనాలు. వాటిలో అందరికంటే ఒంటరిది వండినమనిషి భోజనం. దేశవ్యాప్తంగా జరిగే మానవాభివృద్ధి సర్వే 2004-05లోనే ఇంటింటా ఈ ప్రశ్న వేసింది: మీ ఇంట్లో ఆడవాళ్లు మగవాళ్లతో కలిసి తింటారా, ముందా, తరవాతా అని. వేయదగ్గ ప్రశ్నే. కలిసి తినడం గురించి మనం రాసే వ్యాసాల్లో చాలామటుకు వడ్డన చేయించుకున్నవాళ్లు రాసినవి. వడ్డించినవాళ్లు రాసి ఉంటే ఈ విషయం ఇంకో రకంగా మొదలయ్యేది.

మన భోజనం అసలు కలిసేది బంతిలో. పెళ్లికో, పేరంటానికో, దినానికో నేలమీద వరసగా ఆకులు వేసి కూర్చోబెట్టే ఆ వరస పేరు బంతి. తొలిబంతి ఉంటుంది, కడబంతి ఉంటుంది. వడ్డించేవాడు మనవాడైతే కడబంతిలో ఉన్నా ఒకటేనని సామెత. వడ్డించేవాడు మనవాడు కాకపోతే ఏమవుతుందో సామెత చెప్పదు. కడబంతికి కూడా ఎక్కనివ్వక, ఎంగిలాకులు ఎత్తాక పెరటి గుమ్మం దగ్గర పెట్టించుకున్న మనుషులు ఈ జిల్లాలో ప్రతి ఊళ్లోనూ ఉన్నారు. వాళ్ల పిల్లలు ఇప్పుడు ఉద్యోగాల్లో ఉన్నారు, ఆ గుమ్మాన్ని మరిచిపోలేదు. పన్నెండో శతాబ్దపు పల్నాటిలో బ్రహ్మనాయుడు అన్ని కులాలనూ ఒక చాప మీద కూర్చోబెట్టాడన్న చాపకూడు కథను ఎనిమిది వందల ఏళ్లుగా గొప్పగా చెప్పుకుంటున్నాం. అంతకాలం చెప్పుకోవాల్సి వస్తోందంటేనే అది ఎంత అరుదో తెలుస్తుంది.

ఈ ప్రశ్నకు అందరికంటే నిక్కచ్చిగా జవాబిచ్చినవాడు అంబేడ్కర్. 1936లో లాహోరు జాత్-పాత్-తోడక్ మండల్ సభకోసం రాసి, ఆ సభ రద్దవడంతో తానే అచ్చువేసిన ‘కుల నిర్మూలన’లో ఆయన సహపంక్తి భోజనాల్ని తూకం వేశాడు. కలిసి తినే కులాలు ఉన్నాయి, అయినా వాటి మధ్య కులభావం చావలేదన్నాడు. రక్తసంబంధం కలిస్తేనే తప్ప మనుషులు తమవాళ్లమని అనుకోరు కాబట్టి కులాంతర వివాహమే అసలు మందన్నాడు. దానికి అడ్డంగా నిలిచే శాస్త్రాల పవిత్రత మీద నమ్మకాన్ని కూడా వదులుకోవాలన్నాడు. తొంభై ఏళ్ల తరవాత చదివినా ఆ వాదంలో నాకు బీటలు కనిపించవు. ఒకే ఊరు, ఒకే చెరువు, ఒకే గాలి మనుషుల్ని కలపలేదనడానికి మాకు దూరపు ఉదాహరణలు అక్కర్లేదు. 2012 జూన్ 12న వంగర మండలం లక్ష్మీపేటలో మడ్డువలస రిజర్వాయరు కింద మిగిలిన భూముల తగాదాలో ఐదుగురు దళితుల్ని చంపారు. రెండు పక్షాలూ ఒకే ఊరి పేరు చెప్పుకునేవాళ్లే.

అంబేడ్కర్ మాటను ఒప్పుకుంటూనే తిండికి ఉన్న బలాన్ని ఇంకో వైపునుంచి చూడాలనిపిస్తుంది. మా ప్రాంతంలో కొత్తకోడలు అత్తవారింటికి సారెతో వస్తుంది. అరిసెలు, లడ్డూలు, జంతికలు, మినపసున్నుండలు కావిళ్లకొద్దీ వస్తాయి. అవి ఆ ఇంట్లో తినడానికి కాదు. వీధి వీధంతా ఇంటింటికీ పంచుతారు. గిన్నెలో సారె తీసుకున్న ఇల్లు ఆ గిన్నెను ఖాళీగా తిరిగి ఇవ్వదు. పిడికెడు బియ్యమో, రెండు బెల్లం ముక్కలో వేసి ఇస్తుంది. పెళ్లిలో చదివింపులు రాసుకునే పుస్తకం కూడా అలాంటిదే. ఎవరు ఎంత చదివించారో రాసి దాచుకుంటారు, వాళ్లింట్లో శుభకార్యానికి అంతకు తగ్గకుండా తిరిగి చదివించడానికి. ఫ్రెంచి పండితుడు మార్సెల్ మోస్ 1925లో దానం గురించి రాసిన ప్రసిద్ధ వ్యాసంలో చెప్పింది ఇదే. ఇవ్వడం, పుచ్చుకోవడం, తిరిగి ఇవ్వడం అనే మూడు బాధ్యతలే సమాజాన్ని అల్లుతాయన్నాడు. మన భాషలో దానికి పేరు ముందే ఉంది: రుణానుబంధం. పక్కన కూర్చుని నమిలినంత మాత్రాన ఎవరూ దగ్గరవరు. ఇవాళ నీ చేతి అన్నం తిన్నాను, రేపు నువ్వు నా చేతి అన్నం తినాలి అన్న బాకీ ఒకటి మధ్యలో ఉండాలి.

అందుకే ఇప్పటి బఫే భోజనాలు చూస్తే నాకు దిగులు. కులం అడిగే బంతి పోయినందుకు సంతోషమే, ఆ సంతోషాన్ని తక్కువచేసి చెప్పను. పళ్లెం పట్టుకుని నిలబడినచోట ఎవరి పక్కన ఎవరో తేల్చేవాళ్లుండరు. కానీ వడ్డించే చెయ్యి కేటరింగువాళ్లది. ‘ఇంకొంచెం వెయ్యనా’ అని బతిమాలే మేనమామ లేడు, వద్దని ఆకు మీద చేతులడ్డం పెట్టే మేనల్లుడూ లేడు. పాత లెక్క పోయింది, బాకీ కూడా దాంతోపాటే పోయింది. లెక్క లేకుండా బాకీ మాత్రం మిగుల్చుకునే పద్ధతి మనం ఇంకా కనిపెట్టుకోలేదు.

దానికి దగ్గరగా వచ్చేది, నాకు తెలిసినంతలో, గ్రామదేవత సంబరం. మా జిల్లా ఊళ్లలో అయిదేళ్లకో, పన్నెండేళ్లకో, కొన్నిచోట్ల ఇరవయ్యేళ్లకో ఒకసారి అమ్మవారి సంబరాలు చేస్తారు. ఘటాలు ఎత్తుతారు, ముర్రాటలు పోస్తారు, రాత్రంతా తప్పెటగుళ్లు ఆడతారు. ఆ రోజుల్లో ఊరు తన జనాభాకు కొన్ని రెట్లవుతుంది. ఆడపడుచులు, అల్లుళ్లు, వియ్యంకులు, ఏ ఖరగ్‌పూర్‌లోనో స్థిరపడిన పినతండ్రి మనవలు, అందరూ దిగుతారు. పిలవకపోతే తప్పు, పిలిచాక రాకపోతే ఇంకా తప్పు. చుట్టం చుట్టాన్ని తెస్తాడు, వాడికీ అన్నం పెట్టాలి. పదేళ్లుగా మాటల్లేని అన్నదమ్ములు అమ్మవారి పేరుతో ఒకే చూరు కింద తినడం నేను చూశాను. దీనికి అయ్యే ఖర్చును దాచిపెట్టడం మాత్రం న్యాయం కాదు. రెక్కాడితేగాని డొక్కాడని ఇల్లు కూడా పదిమందికి మాంసం పెట్టాలి. ఆ అప్పు తీర్చడానికే సంబరం అయిన వారానికి మళ్లీ హైదరాబాదు రైలెక్కినవాళ్లున్నారు.

ఇక ప్రయాణం. గాంధీ 1917లో భారత రైల్వేల్లో మూడో తరగతి గురించి చిన్న పుస్తకం రాసినప్పుడు ఆయన కోపమంతా మురికి మీద, కిక్కిరిసిన పెట్టెల మీద. అవే పెట్టెలు దేశంలో మొదటిసారిగా, ముట్టుకోకూడని మనుషుల్ని భుజం భుజం రాసుకునేలా కూర్చోబెట్టాయన్నది కూడా నిజం. టికెట్టుకు కులం లేదు. జనరల్ బోగీలో ఇచ్చాపురంనుంచి విశాఖ దాకా నిలబడి ఒకసారి వస్తే మనిషి గురించి కొన్ని సంగతులు తెలుస్తాయి. నలుగురి బెంచీ మీద ఆరుగురు కూర్చుంటారు, ఏడోవాడికి అంచు దొరుకుతుంది. ‘ఏ ఊరు బావూ మీది?’ అని మొదలవుతుంది. ఎవరో కేరేజీ విప్పితే పులిహోర వాసన బోగీ అంతా పాకుతుంది. వాళ్లు పక్కవాళ్లకు పెట్టకుండా తినలేరు.

షికాగో విశ్వవిద్యాలయం పరిశోధకులు నికొలస్ ఎప్లీ, జూలియానా ష్రోడర్ ఇలాంటి రైళ్లలోనే చేసిన ఒక ప్రయోగం 2014లో అచ్చయింది. రోజూ పనికి వెళ్లేవాళ్లలో కొందర్ని పక్కనున్న అపరిచితుడితో మాట్లాడమన్నారు, కొందర్ని ఒంటరిగా ఉండమన్నారు. ఎలా ఉంటుందో ఊహించి చెప్పమన్నవాళ్లు మాట్లాడితే ప్రయాణం చిరాకవుతుందన్నారు. జరిగింది దానికి పూర్తిగా విరుద్ధం. మాట్లాడినవాళ్లే హాయిగా వెళ్లారు. అవతలివాడికి మాట్లాడే ఇష్టం ఉండదేమోనని ఎవరికివాళ్లు అనుకోవడంవల్లే అందరూ మౌనంగా కూర్చుంటున్నారని వాళ్లు తేల్చారు. మా బోగీల్లో ఈ మొహమాటం నిన్నమొన్నటిదాకా లేదు. ఇప్పుడు వస్తోంది. అపరిచితులు ఇచ్చిన తినుబండారాలు తీసుకోవద్దని స్టేషన్లలో హెచ్చరికలు వినిపిస్తాయి. మత్తుమందు బిస్కెట్లు పెట్టి దోచుకున్న సంఘటనలు ఉన్నాయి కాబట్టి ఆ హెచ్చరికను తప్పుపట్టను. కానీ పక్కసీటు ముసలమ్మ అరిసె తీసి చేతిలో పెట్టబోతే పిల్లవాడు తల్లి మొహం చూడటం, తల్లి వద్దని కళ్లతో చెప్పడం, ముసలమ్మ చెయ్యి అలాగే గాలిలో ఆగిపోవడం చూసినప్పుడు ఏదో పోగొట్టుకున్నట్టు అనిపించింది.

‘ఏ ఊరు’ తరవాత వచ్చే ప్రశ్నలు కూడా చెప్పాలి. ఎవరి తాలూకు, ఇంటిపేరేంటి, అక్కడ ఫలానావాళ్లు మీకేమవుతారు... మూడో ప్రశ్నకల్లా కులం తేలిపోతుంది. తేలాక కొన్ని కేరేజీలు మూతపడతాయి. రైలు పక్కన కూర్చోబెట్టగలిగింది గానీ అడగకుండా ఆపలేకపోయింది.

దూరప్రయాణాల చరిత్ర మాకు పెద్దది. కళింగపట్నం, బారువ, భీమునిపట్నం రేవులనుంచి ఓడలెక్కి ఈ తీరపు జనం రంగూన్ వెళ్లారు. అక్కడ ఓడరేవుల్లో బస్తాలు మోశారు, బియ్యం మిల్లుల్లో పనిచేశారు. వాళ్లను అందరూ ‘కొరంగీలు’ అన్నారు. ఊళ్లో వేరువేరు బంతుల్లో కూర్చున్నవాళ్లు అక్కడ ఒకే పేరు కింద ఒకే బారకాసులో ఇరుక్కున్నారు. ప్రయాణం కలపడమంటే అందులో ఇదీ ఒక భాగం. అవతలివాడికి మనమంతా ఒకటిగా కనపడటం. దానికి వెల కూడా ఉంది. 1930 మే నెలలో రంగూన్ రేవులో బర్మీయులకు, తెలుగు కూలీలకు మధ్య చెలరేగిన ఘర్షణల్లో చచ్చిపోయినవాళ్లలో ఎక్కువమంది మనవాళ్లే. ఒకే రేవులో పనిచేసినా ఒకరి పనికి ఇంకొకరు పోటీ అయినచోట సాన్నిహిత్యం స్నేహం కాలేదు. 1942లో జపాను సేనలు వచ్చాక లక్షలమంది అడవులగుండా నడిచి వచ్చారు. విశాఖ కంచరపాలెంలో బర్మా క్యాంపు పేరు బర్మా బతుకుల జ్ఞాపకంగా ఇప్పటికీ ఉంది.

మారిషస్ కథ ఇంకోలా నడిచింది. పందొమ్మిదో శతాబ్దంలో చెరకుతోటలకు వెళ్లిన తెలుగువాళ్ల వారసులు ఇళ్లలో ఇప్పుడు మాట్లాడేది ఎక్కువగా క్రియోల్. తెలుగు బడిలో నేర్చుకునే భాషయింది. అయినా అమ్మోరు పండగ ఉంది, రామభజన ఉంది, ఆ తరవాత అందరూ కలిసి తినే భోజనం ఉంది. మాట పోయినచోట కూడా వండి పెట్టుకోవడం మిగిలింది. 1990లో అక్కడ మూడో ప్రపంచ తెలుగు మహాసభలు జరిగినప్పుడు ఇక్కడివాళ్లకు, వాళ్లకు మధ్య మొదటి వంతెన భాష అయి ఉండాలని అనుకుంటాం. నాకైతే అమ్మోరు అన్న ఒక్క మాటే చాలనిపిస్తుంది. మా ఊళ్లో కూడా ఆ తల్లిని అలాగే పిలుస్తాం.

పక్కన కూర్చోవడం ఎప్పుడు స్నేహమవుతుంది, ఎప్పుడు పగ అవుతుంది? ఈ ప్రశ్న మీద సామాజికశాస్త్రంలో పెద్ద గ్రంథం గోర్డన్ ఆల్‌పోర్ట్ 1954లో రాసింది. కలవడం ఒక్కటే చాలదని, నాలుగు షరతులుండాలని ఆయన చెప్పాడు. కలిసేవాళ్లు ఆ చోట సమానంగా ఉండాలి. ఒకే గమ్యం ఉండాలి. దానికోసం ఒకరికొకరు సాయపడాలి. పెద్దల మద్దతు, చట్టం మద్దతు ఉండాలి. 2006లో పెటిగ్రూ, ట్రాప్ అయిదువందలకు పైగా అధ్యయనాలను కలిపి చూస్తే మొత్తంమీద పరిచయం ద్వేషాన్ని తగ్గిస్తుందనే తేలింది. ఆ షరతులున్నచోట ఇంకా బాగా తగ్గిస్తుంది. మనకు దగ్గరి ఉదాహరణ మాట్ లోవ్‌ది. ఉత్తరప్రదేశ్ పల్లెల్లో 1,261 మంది యువకులతో క్రికెట్ పోటీలు పెట్టి చేసిన ఈ ప్రయోగం 2021లో అచ్చయింది. వేరువేరు కులాలవాళ్లు ఒకే జట్టులో ఆడినప్పుడు వాళ్లమధ్య స్నేహాలు పెరిగాయి. ఎదుటి జట్టులో ఆడినప్పుడు ఆ మేలు కలగలేదు, కొన్ని విషయాల్లో వెనక్కే పోయింది. మైదానం ఒకటే, బంతి ఒకటే, ఆట ఒకటే. తేడా అంతా ఎవరి పక్కన ఎవరున్నారన్నదే.

రంగూన్ రేవుకు ఈ కొలత సరిపోతుంది. లక్ష్మీపేటకూ సరిపోతుంది. బడిలో మధ్యాహ్న భోజనానికీ సరిపోతుంది. 2001లో సుప్రీంకోర్టు బడుల్లో వండిన అన్నం పెట్టాలని ఆదేశించినప్పుడు అందరూ దాన్ని ఆకలి సమస్యగానే చూశారు. మా మండలంలో ఏ బడి వరండాలోనైనా మధ్యాహ్నం నిలబడి చూడండి. అన్ని వీధుల పిల్లలూ కంచాలు పట్టుకుని ఒకే వరసలో కూర్చుంటారు. ఇప్పుడు ఆ పథకానికి ఆంధ్రప్రదేశ్‌లో డొక్కా సీతమ్మ పేరు ఉంది. గోదావరి లంకలో వచ్చినవాళ్లందరికీ వేళాపాళా లేకుండా వండిపెట్టిన తల్లి ఆమె. చాపకూడును రోజూ, ప్రభుత్వ ఖర్చుతో, చట్టం అండతో నడపడం ఇదే. ఆల్‌పోర్ట్ షరతులు నాలుగూ ఇంతగా కుదిరే చోటు మన బతుకుల్లో మరొకటి నాకు తోచదు. కాస్త డబ్బున్న ప్రతి ఇల్లూ పిల్లల్ని ప్రైవేటు బడికి పంపేసి ఆ వరసలోంచి లేపేసుకుంటోంది. ఈ నష్టం గురించి మనం మాట్లాడుకోవడం లేదు.

ఫోన్ సంగతికి వస్తే పరిశోధకులే మాట మార్చుకోవాల్సి వచ్చింది. 1998లో రాబర్ట్ క్రౌట్ బృందం పిట్స్‌బర్గ్‌లో 73 ఇళ్లలో 169 మందిని గమనించి, ఇంటర్నెట్ వాడకం పెరిగేకొద్దీ ఇంట్లోవాళ్లతో మాటలు తగ్గుతున్నాయని, ఒంటరితనం పెరుగుతోందని ప్రకటించింది. తరవాత అదే బృందం అదే మనుషుల్ని మళ్లీ చూస్తే ఆ చెడు చాలావరకు కనిపించలేదు. కొత్తగా చూసినవాళ్లలో, ముందే కలుపుగోలుగా ఉన్నవాళ్లకు ఇంటర్నెట్ ఇంకా మేలుచేసింది, ముభావంగా ఉన్నవాళ్లకు కీడుచేసింది. 2018లో అమెరికాలో ఆల్‌కాట్ బృందం కొందరికి డబ్బిచ్చి నాలుగు వారాలు ఫేస్‌బుక్ మాన్పించింది. వాళ్లు కుటుంబంతో, స్నేహితులతో ఎక్కువసేపు గడిపారు, కాస్త సంతోషంగా కూడా ఉన్నారు. కాస్తే. మొత్తంమీద నాకర్థమైంది ఏమంటే, ఫోన్ ఉన్నదాన్ని పెంచుతుంది. బంధం ఉంటే బంధాన్ని, వెలితి ఉంటే వెలితిని.

మా ప్రాంతానికి స్మార్ట్‌ఫోన్ వలసకూలీ చేతిలో వచ్చింది. 2016 సెప్టెంబరులో జియో వచ్చి డేటా చవకయ్యాక, గుజరాత్‌లోని వెరావల్ రేవులో పడవమీద ఉన్న మా తీరపు మత్స్యలేశం కుర్రాడు ఇంట్లో పొయ్యిమీద ఏం ఉడుకుతోందో చూడగలిగాడు. 2018 చివర్లో ఆ పడవలు కొన్ని సరిహద్దు దాటాయని పాకిస్తాన్ పట్టుకుంది. మా జిల్లా, విజయనగరం జిల్లాల జాలర్లు కరాచీ జైలులో ఏడాదికి పైగా ఉండి, ఇరవైమంది 2020 జనవరిలో వాఘా దగ్గర ఇటు అడుగుపెట్టారు. ‘తండేల్’ సినిమా వాళ్ల కథనుంచే వచ్చింది. ఆ ఏడాది పొడవునా ఆ ఇళ్లలో ఫోన్లు మోగలేదు. జాలరి భార్యలు అధికారుల చుట్టూ, నాయకుల చుట్టూ కాళ్లరిగేలా తిరిగారు. అదే 2020లో లాక్‌డౌన్ వచ్చి వేలమంది ఆంధ్ర జాలర్లు గుజరాత్ రేవుల్లో పడవలమీదే చిక్కుకున్నప్పుడు, వాళ్లు ఫోన్లలో తీసి పంపిన వీడియోలు ఇళ్లనుంచి వార్తల్లోకి, వార్తల్లోంచి ప్రభుత్వం దాకా పోయాయి. బస్సులు వెళ్లాయి. ఫోన్‌ను తిట్టేముందు నాకు ఆ వీడియోలు గుర్తొస్తాయి.

తిత్లీ కూడా గుర్తొస్తుంది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున ఆ తుపాను తీరం దాటినప్పుడు మా జిల్లా ఉద్దానంలో కొబ్బరిచెట్లతోపాటు కరెంటు స్తంభాలూ వరసగా ఒరిగిపోయాయి. ఫోన్లు చచ్చిపోయాయి. దూరాన ఉన్న పిల్లలకు ఊరు రోజుల తరబడి మాయమైంది. ఊళ్లో మాత్రం తడవని బియ్యం ఎవరింట్లో ఉంటే ఆ ఇంటిముందు పొయ్యి వెలిగింది.

అదే ఏడాది మే నెలలో ఇంకో సంగతి జరిగింది. పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయని రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ వాట్సాప్ నిండా వదంతి పాకింది. భాష తెలియని బిచ్చగాళ్లను, దారి తప్పిన పరాయి ఊరివాళ్లను జనం కట్టేసి కొట్టారు, ప్రాణాలూ పోయాయి. దేశమంతటా ఇలాంటివి జరిగాక జులైలో వాట్సాప్ ఇండియాలో ఒక సందేశాన్ని ఒకేసారి అయిదు చాట్లకు మించి పంపకుండా కట్టడి పెట్టింది. పక్కసీటువాడి బిస్కెట్ తీసుకోవద్దన్న భయం, ఊళ్లోకొచ్చిన కొత్తముఖం మీద పడ్డ కర్ర, ఒకే వేరునుంచి వచ్చినవే అనుకుంటాను. తెలిసినవాళ్లు చెప్పారు కాబట్టి నమ్మారు, తెలియనివాడు కాబట్టి కొట్టారు. గ్రూపులో ఉన్నవాళ్ల మధ్య నమ్మకం ఎంత బలంగా ఉంటే, బయటివాడికి అంత ప్రమాదం.

ఇప్పుడు నా ఫోన్ తెరిచి చూసుకుంటే ఏం కనిపిస్తుంది? ఇంటిపేరు గ్రూపు. పదోతరగతి గ్రూపు. వీధి గ్రూపు. ఇవి కాక, నన్నడక్కుండా నన్ను చేర్చిన కులం గ్రూపు. ఒకప్పుడు ఒక గ్రూపులో 256 మందికే చోటుండేది, 2022లో అది 1,024 అయింది. వెయ్యిమంది పట్టే బంతి. అందులోనూ ఎవరు ఎవరి పక్కన కూర్చోవాలో పాత పెద్దలే తేల్చారు. పదోతరగతి గ్రూపు మాత్రం వేరు. అందులో అన్ని వీధులవాళ్లూ ఉన్నారు, ఎందుకంటే ఆ బడి వరండాలో అందరం ఒకే వరసలో కూర్చున్నాం. ఒకడికి కిడ్నీ జబ్బు చేసి డబ్బు కావలసినప్పుడు ఆ గ్రూపు కదిలినంత వేగంగా మిగతావేవీ కదల్లేదు. ఫోన్ ఆ స్నేహాన్ని తయారుచెయ్యలేదు. ముప్పై ఏళ్ల కిందటి వరసను చెడకుండా దాచిపెట్టింది.

కనుమ వెళ్లిన మర్నాడు అదే ప్లాట్‌ఫాం మళ్లీ నిండుతుంది, ఈసారి ఎక్కేవాళ్లతో. ఈ మధ్య ఒక సాయంత్రం నా పక్క బెంచీ మీద ఒకావిడ కొడుకు సంచి సర్దుతోంది. అడుగున అరిసెల డబ్బా, దానిమీద గుడ్డలో చుట్టిన ఎండు నెత్తళ్లు, పక్కన కారప్పొడి. హైదరాబాదులో ఎక్కడో నలుగురు కుర్రాళ్లు కలిసి ఉండే గది అతనిది. సంచి మూతికి తాడు బిగిస్తూ ఆగింది.

‘మీ గదిలో ఎంతమందిరా?’

‘ఐదుగురమే అమ్మా. ఒకడు కొత్తగా వచ్చాడు, పాలమూరోడు.’

ఎవరి అబ్బాయని అడగలేదు. తాడు విప్పి, చేతిసంచిలోంచి ఇంకో అరిసెల పొట్లం తీసి పైన పెట్టి, మళ్లీ ముడేసింది. అప్పటికి రైలు సిగ్నల్ దాటింది.